చెన్నపట్టణమున మోటారు పందెములు: చోళవరపు పరుగుబాట చరిత్ర

చెన్నపట్టణ చరిత్రమును వ్రాసినవారు కోటను గూర్చియు, దుబాసీలను గూర్చియు, అచ్చుకూటములను గూర్చియు, సంగీతసభలను గూర్చియు, చలనచిత్రశాలలను గూర్చియు విరివిగా వ్రాసియున్నారు. ఈ పట్టణమున తెలుగువారు గడపిన జీవితము ఆ గ్రంథములలో కొంతకు కొంత నిలిచియున్నది. కాని నగరమునకు ఉత్తరమున, నెల్లూరునుండి వచ్చు పెద్దబాటకు చేరువలో, చోళవరము నందు ముప్పదియేండ్లకు పైగా సాగిన మోటారు పందెముల ముచ్చట ఆ గ్రంథములలో అరుదుగా కానవచ్చును. చోళవరమనగానే నేడు జ్ఞప్తికి వచ్చునది చెరువు. పట్టణమునకు త్రాగునీరిచ్చు చెరువులలో అదియొకటి. ఒకప్పుడు మాత్రము ఆ పేరు చెప్పినచో దేశమందలి మోటారు పందెగాండ్రకు కన్నులయెదుట నిలుచునది ఒక విమానాశ్రయపు పరుగుబాట.

ఆ పరుగుబాట ఎట్లు పందెపుబాట ఆయెను? దానివలన ఎవరెవరు పైకి వచ్చిరి? అందు తెలుగువారికి గల సంబంధమెట్టిది? ఈ ప్రశ్నలకు సమాధానము చెప్పవలెనన్నచో, మొదట పాశ్చాత్యదేశమున పుట్టిన డ్రాగ్ పందెముల కథను కొంత తెలిసికొనవలసియున్నది. ఏలయన, చోళవరపు కథయు ఆ కథయు ఒక్క వేరునుండియే పుట్టినవి.

డ్రాగ్ పందెపు స్వరూపము

మోటారు పందెములన్నిటిలో డ్రాగ్ రేసు మిక్కిలి సరళమైనది. రెండు వాహనములు ప్రక్కప్రక్కన నిలుచును. మలుపులు లేని తిన్నని బాటపై, నిలిచిన చోటినుండి బయలుదేరి, నిర్ణీతమైన దూరమును ముందుగా దాటినది గెలుచును. ఆ దూరము సంప్రదాయానుసారము మైలులో నాలుగవవంతు, అనగా 1,320 అడుగులు. మన లెక్కలో 402 మీటర్లు.

తెలుగుదేశమున సంక్రాంతికిని తిరునాళ్లకును జరుగు బండలాగుడు పందెములను చూచినవారికి దీని మర్మము సులభముగా బోధపడును. ఒంగోలు గిత్తల జత బండను కదలించు తొలి క్షణమునందే వాని సత్తువ తెలియును. అచ్చట నిర్ణీతకాలములో ఎంత దూరము లాగెనని చూతురు; ఇచ్చట నిర్ణీతదూరమును ఎంత కాలములో దాటెనని చూతురు. రెండింటను నిలుకడనుండి చలనమునకు వచ్చుటయే అసలు పరీక్ష.

ఈ పందెమునకు దీపములే తీర్పరులు. 1963 నుండి అమెరికాలో వాడుకకు వచ్చిన దీపస్తంభముపై పసుపు దీపములు వెలిగిన పిమ్మట ఆకుపచ్చ దీపము వెలుగును. అంతకు మునుపే కదలినవానికి ఎఱ్ఱదీపము వెలుగును. వాడు పందెము పోగొట్టుకొనినట్లే. బండి గీటు విడిచినది మొదలు గమ్యము చేరువఱకు పట్టిన కాలమును వేఱుగను, దీపమును చూచి కదలుటకు చోదకునికి పట్టిన కాలమును వేఱుగను లెక్కింతురు. అందుచేత బండి వడిలో కొంత వెనుకబడినవాడును, చూపు చుఱుకైనవాడైనచో గెలువవచ్చును. యంత్రబలముతోపాటు మనోనిగ్రహమును కొలుచుట ఈ పందెమందలి విశేషము.

వీథినుండి మైదానమునకు

డ్రాగ్ పందెములకు పుట్టినిల్లు అమెరికాలోని దక్షిణ కాలిఫోర్నియా. అచ్చటి ఎండిన సరస్సుల చదునునేలపై 1930 ప్రాంతమున యువకులు పాతకారుల ఇంజనులను తామే సవరించి వేగపరీక్షలు జరుపుచుండిరి. వాని నిర్వహణకై 1937 లో ఒక సంఘము ఏర్పడెను. యుద్ధము ముగిసి సైనికులు ఇండ్లకు మరలిన పిమ్మట ఈ వ్యసనము నగరవీథులకెక్కెను. రాత్రివేళ బాటలపై పందెములు, ప్రమాదములు, పోలీసుల వేటలు నిత్యకృత్యములయ్యెను. ఈ యువకులను దండింపవలెనని పలువురు పలికిరి. వారికొక చోటు చూపవలెనని తలచినవారు కొందఱే.

అట్టివారిలో ప్రథమగణ్యుడు వాలీ పార్క్స్. ఆయన 1951 లో జాతీయ హాట్ రాడ్ సంఘమును స్థాపించెను. అంతకు ముందే 1950 లో సి. జె. హార్ట్ అను నాతడు శాంటా ఆనా విమానాశ్రయపు బాటపై రుసుము తీసికొని పందెములు నడుపుట ప్రారంభించియుండెను. సంఘము జరిపిన తొలి పందెము 1953 లో పొమోనా పట్టణమున జరిగెను. దానికి అచ్చటి పోలీసులే తోడ్పడుట గమనింపదగినది. 1955 లో తొలి జాతీయ పందెములు కాన్సస్ రాష్ట్రమందలి గ్రేట్ బెండ్ వద్ద, యుద్ధకాలమున కట్టిన విమానస్థావరమున జరిగెను. ఇంగ్లండునందును ఇట్లే జరిగెను. పాడింగ్టన్ యుద్ధవిమానాశ్రయము 1966 లో శాంటా పాడ్ డ్రాగ్ పందెముల బాట ఆయెను. సిల్వర్‌స్టోన్ విమానాశ్రయమున 1948 నుండియే వలయ పందెములు జరుగుచుండెను. యుద్ధము విడిచిపోయిన బాటలను వేగము తనకు ఇల్లుగా చేసికొనెనని చెప్పవచ్చును.

ఆ చరిత్రలోని వ్యక్తులలో ఇరువురిని స్మరింపవలెను. డాన్ గార్లిట్స్ 1964 లో గంటకు 200 మైళ్ల వేగమును దాటిన పందెగాడు. 1970 లో పందెము మధ్య అతని బండి గేరుపెట్టె ప్రేలి, పాదములో కొంత భాగము తెగిపోయెను. అంతవఱకు ఆ జాతి బండ్లలో ఇంజను చోదకునికి ముందుండెడిది. గార్లిట్స్ ఆసుపత్రిలో ఆలోచించి, ఇంజనును వీపువెనుకకు మార్చి 1971 లో క్రొత్తబండిని నిర్మించెను. కొలదియేండ్లలో తక్కినవారును ఆ మార్గమునే త్రొక్కిరి. రెండవ వ్యక్తి షర్లీ మల్డౌనీ. 1973 లో అత్యున్నతశ్రేణి బండ్లను నడుపుటకు అనుమతిపత్రము పొందిన తొలి స్త్రీ యామె. 1977, 1980, 1982 సంవత్సరములలో ఆ శ్రేణి విజేతగా నిలిచి, ఈ క్రీడ పురుషులకు మాత్రమేయను మాటను చెఱపివేసెను.

మదరాసున మోటారుబండి

మదరాసు నగరమున మోటారుబండి ప్రవేశించిన తొలిదినములలోనే తెలుగువాని పేరొకటి కనబడును. హైకోర్టు మొదలగు ఎఱ్ఱరాతి భవనములను కట్టిన గుత్తేదారు శ్రీ తాటికొండ నంబెరుమాళ్ చెట్టి గారు ఈ నగరమున కారు కొనిన తొలి భారతీయులని ప్రసిద్ధి. వారి కారు సంఖ్య ఎం.సి. 3.

యంత్రమును కొనుట యొకయెత్తు, దాని మర్మమెఱుగుట యొకయెత్తు. ఆ రెండవదానికి ఉదాహరణము కోయంబత్తూరు వాస్తవ్యులు శ్రీ జి. డి. నాయుడు గారు (1893–1974). తరతరముల క్రిందట దక్షిణమునకు వలసవచ్చి, ఇంట తెలుగును విడువక నిలుపుకొనిన రైతుకుటుంబములలో వారొకరు. బాల్యమున ఒక ఆంగ్లేయ రెవిన్యూ ఉద్యోగి నడపుచుండిన రడ్జ్ మోటారుసైకిలును చూచి వారు ముగ్ధులైరి. పనిచేసి కూడబెట్టిన 300 రూపాయలతో దానినే కొని, భాగభాగములుగా విప్పి, మరల బిగించి, దాని గుట్టు నేర్చికొనిరి. 1920 లో పొల్లాచి పళనుల నడుమ ఒక్క బస్సుతో రవాణా ఆరంభించి, కాలక్రమమున పెద్దసంస్థగా పెంచిరి. వారు పందెగాడు కారు. కాని పందెములకు మూలమైన కుతూహలము, అనగా యంత్రమును విప్పి చూచి మెఱుగుపఱచు బుద్ధి, కోయంబత్తూరునందు వేరూనుటకు వారి వంటివారే కారణము.

చోళవరపు దినములు

1942 ఏప్రిల్ 6 న జపాను విమానములు విశాఖపట్టణముపైనను కాకినాడపైనను బాంబులు వేసెను. మదరాసు ప్రజలు భీతిల్లి ఊళ్లకు తరలిపోయిరి. ఆ యుద్ధకాలమున తూర్పుతీరము వెంబడి పెక్కు విమానస్థావరములు వెలసెను. వానిలో చోళవరపు పరుగుబాట యొకటి. యుద్ధము ముగిసిన పిమ్మట అది పొలముల నడుమ పనిలేక పడియుండెను.

1953 లో మదరాసు మోటారు స్పోర్ట్స్ క్లబ్బు ఏర్పడెను. ఆంధ్రరాష్ట్రము మదరాసునుండి వేఱుపడినదియు ఆ యేడే. క్లబ్బు స్థాపకసభ్యులలో శ్రీ ఇందూ చందోక్ గారు ముఖ్యులు. ఈ క్లబ్బు ఆధ్వర్యమున చోళవరము దేశమునందెల్ల పేరెన్నికగన్న పందెపుస్థలమాయెను. బొంబాయివారు జుహూనందును, కలకత్తావారు బారక్‌పూరునందును విమానపు బాటలనే వాడుకొనిరి. దేశమున శాశ్వతమైన పందెపుబాట లేని కాలమది.

చోళవరమున ప్రధానముగా జరిగినవి వలయ పందెములు. డ్రాగ్ పందెపుబాటకు మలుపులుండవు, దీనికుండెను. అయినను విమానము ఎగురుటకై వేసిన బాట కావున, తిన్నని దారిపై బండి తుదివేగము వఱకు పోగలిగెడిది. పిమ్మట మలుపు వచ్చినపుడు వేగమును ఉన్నఫళమున తగ్గింపవలసివచ్చెడిది. బండి త్వరణమును, పట్టునాపుటయు రెండును తేటపడు స్థలమది. స్థలము క్లబ్బు సొంతము కానందున ఏటేట క్రొత్తగా ఏర్పాట్లు చేసికొనవలసియుండెను.

ఆనాటి బండ్ల స్థితిని తలచినచో పందెగాండ్ర శ్రమ తెలియును. విదేశపు కారుల దిగుమతిపై కఠినమైన నిర్బంధములుండెను. దేశమున తయారగు కారులు అంబాసిడరు, ఫియట్టు, స్టాండర్డ్ హెరాల్డు మాత్రమే. వీనిలో హెరాల్డు 1961 నుండి మదరాసు శివారుననే తయారగుచుండెను. మోటారుసైకిళ్లలో ఎన్‌ఫీల్డ్ బుల్లెట్టు తిరువొత్తియూరునందు రూపొందుచుండెను. విడిభాగములు దొరకని ఆ దినములలో సంసారపు బండిని పందెపుబండిగా మార్చుట మెకానిక్కుల చేతిపనియే. బరువు తగ్గించుటకు లోపలి ఆసనములు తీసివేయుట, ఇంజను తలను ఆకురాయిపట్టి ఒత్తిడి పెంచుట, కార్బొరేటరును మార్చుట మొదలగు పనులను వారు తమ కొట్టములలోనే చేయుదురు. పేరు చోదకునికి దక్కినను, గెలుపులో సగపాలు ఆ నూనెచేతులదే.

సంపన్నులును చోళవరమునకు వచ్చిరి. గోండల్ సంస్థానపు మహారాజకుమారుడు విదేశపు పందెపుకారులతో పాల్గొనెను. 1980 తరువాత శ్రీ విజయ్ మాల్యా ఎన్‌సైన్ అను ఫార్ములా వన్ కారునే ఇచ్చటికి తెచ్చి నడపెను. ఒకే బాటపై రాజకుమారుని కారును, కొట్టమున బిగించిన ఫియట్టును జనులు చూడగలిగిరి. 1982 లో టి.వి.యస్. సంస్థ తన పందెపు విభాగమును నెలకొల్పెను. ఎం.ఆర్.ఎఫ్. టైర్ల సంస్థయు మోటారు క్రీడలకు అండగా నిలిచెను. ఈ రెండు సంస్థలకును చెన్నపట్టణమే కేంద్రమగుటచే నగరము దేశపు మోటారు క్రీడలకు ముఖ్యస్థానమాయెను.

కరివర్ధనుని కృషి

చోళవరపు వారసత్వమును రేపటి తరమునకు అందించినవారిలో అగ్రగణ్యులు శ్రీ సుందరం కరివర్ధన్ గారు. వారు 1954 లో జన్మించిరి. కోయంబత్తూరున లక్ష్మీ మిల్లును స్థాపించిన కుప్పుస్వామినాయుడు గారి తెలుగు వంశమునకు చెందినవారు. స్వయముగా పందెగాడైయుండియు, వారు తన గెలుపులతో తృప్తిపడలేదు. సామాన్య యువకునికి పందెపుకారు దుర్లభమను కొఱతను వారు గుర్తించిరి. మారుతి కారుయొక్క ఇంజనును తీసికొని, ఒక్కరే కూర్చుండు తెఱపి పందెపుకారును దేశమునందే రూపొందించిరి. 1988 ప్రాంతమున వెలువడిన ఈ ఫార్ములా మారుతి కారులు అన్నియు ఒకే తీరువి యగుటచే, ధనబలము తగ్గి నేర్పునకు విలువ హెచ్చెను.

1995 లో విమానప్రమాదమున వారు అకాలమరణము పొందిరి. అప్పటికి వారికి నలుబదియొక్క యేండ్లు. వారి జ్ఞాపకార్థము కోయంబత్తూరు చేరువ చెట్టిపాళయము వద్ద నిర్మింపబడిన పందెపుబాటకు కరి మోటార్ స్పీడ్‌వే అని పేరిడిరి.

ఇరుంగాట్టుకోట్టై

ఏటేట అరువుబాటపై ఆధారపడుట కష్టమని గ్రహించి, క్లబ్బువారు శ్రీపెరుంబుదూరు చేరువ ఇరుంగాట్టుకోట్టై వద్ద సొంతబాటను నిర్మించిరి. 3.717 కిలోమీటర్ల పొడవుగల ఆ బాట 1990 లో ప్రారంభమాయెను. చోళవరపు శకము దానితో ముగిసెను.

క్రొత్తబాటపై తొలి యడుగులు వేసినవారిలో శ్రీ నారాయణ్ కార్తికేయన్ గారొకరు. వారు 1977 లో మదరాసున జన్మించిరి, పి.యస్.జి. ధర్మసంస్థలను స్థాపించిన కోయంబత్తూరు నాయుడు కుటుంబమువారు. తండ్రి శ్రీ జి. ఆర్. కార్తికేయన్ గారు ర్యాలీ పందెములలో జాతీయ విజేత. నారాయణ్ గారి తొలి పందెము కరివర్ధన్ గారి ఫార్ములా మారుతి కారుపై ఇరుంగాట్టుకోట్టై వద్దనే జరిగెను. 1996 లో ఫార్ములా ఆసియా బిరుదును గెలిచి, 2005 లో జోర్డన్ జట్టు తరఫున ఫార్ములా వన్ పందెములలో ప్రవేశించిన తొలి భారతీయులైరి. ఆ యేడు అమెరికా పందెమున నాలుగవస్థానము పొందిరి. టైర్ల వివాదమువలన ఆనాడు ఆఱు కారులే పరుగెత్తినవన్నది సత్యము. భారతీయుడు అచ్చట నిలిచియుండెననునదియు సత్యమే. ఇందూ చందోక్ గారి మనుమడు శ్రీ కరుణ్ చందోక్ 2010 లో ఫార్ములా వన్ చేరిన రెండవ భారతీయుడాయెను. తాత క్లబ్బును స్థాపించినపుడు పుట్టిన స్వప్నము మూడవ తరమున ఫలించెను.

సికిందరాబాదున జన్మించి తమిళ చలనచిత్రములలో ప్రఖ్యాతుడైన శ్రీ అజిత్ కుమార్ 2010 లో ఫార్ములా టూ పందెములలో పాల్గొనిరి. 2025 జనవరిలో దుబాయి 24 గంటల పందెమున వారి జట్టు తన తరగతిలో మూడవస్థానము పొందెను. స్త్రీలలో చెన్నపట్టణపు అలీషా అబ్దుల్లా మోటారుసైకిలు పందెములలో పురుషులతో సమముగా పోటీపడి పేరుగాంచినది.

డ్రాగ్ పందెములకును ఈ బాటయే నెలవాయెను. జాతీయ డ్రాగ్ పోటీలు మదరాసు క్లబ్బు నిర్వహణలో ఇచ్చట జరిగినవి. వానిలో బెంగళూరువారగు శ్రీ హేమంత్ ముద్దప్ప పదికి పైగా జాతీయ బిరుదులను సంపాదించిరి.

చోటు లేని వేగము

ఈ చరిత్రకు మఱియొక ముఖము కలదు. మైదానము ఎక్కడో నగరమునకు దూరమున నున్నది. పందెపుబండి ఖర్చు పెద్దది. మెరీనా బాటపైనను, తూర్పు సముద్రతీరపు బాటపైనను, రాత్రివేళ మోటారుసైకిళ్లతో పందెములాడి పోలీసులకు చిక్కిన యువకుల వార్తలు పత్రికలలో అరుదు కావు. నూతనసంవత్సరపు రాత్రి పైవంతెనలను మూసివేయుట నగరపు పోలీసులకు ఆనవాయితీ ఆయెను. ప్రభుత్వానుమతి లేక బాటపై పందెమాడుటను 1988 నాటి మోటారువాహనముల చట్టపు 189 వ విభాగము నేరముగా పరిగణించుచున్నది. మొదట ఒక నెల చెఱ లేక 500 రూపాయల జరిమానాగా నుండిన శిక్ష 2019 లో మూడు నెలల చెఱ లేక 5,000 రూపాయల జరిమానావఱకు హెచ్చింపబడెను. రెండును కలిపియు విధింపవచ్చును.

మైదానముండినంతమాత్రమున మరణము తొలగదు. 2023 జనవరిలో ఇరుంగాట్టుకోట్టై బాటపై అనుభవజ్ఞుడైన ఒక చోదకుడును, అదే యేడు ఆగస్టున పదుమూడేండ్ల బాలుడొకడును ప్రాణములు కోల్పోయిరి. ఈ మరణములను మఱచి పందెములను పొగడుట న్యాయము కాదు. అమెరికాలో 2008 లో ఒక పందెగాడు మరణించిన పిమ్మట ఉన్నతశ్రేణి పందెపు దూరమునే 1,320 అడుగులనుండి 1,000 అడుగులకు తగ్గించిరి. ప్రతి మరణమునుండియు ఒక నియమము పుట్టుట మైదానమునందే సాధ్యము. వీథిలో మరణము పునరావృత్తమగును గాని నియమము పుట్టదు.

2024 ఆగస్టు, సెప్టెంబరు సంధిలో చెన్నపట్టణమున ఐలండ్ గ్రౌండ్సు చుట్టును 3.5 కిలోమీటర్ల నగరవీథులను రాత్రివేళ మూసి ఫార్ములా ఫోర్ పందెములు జరిపిరి. హైదరాబాదున 2023 ఫిబ్రవరిలో హుస్సేన్‌సాగరతీరమున విద్యుత్కారుల ఫార్ములా ఈ పందెము జరిగెను. ఇవి వేడుకలు. వేడుక ముగిసిన మఱునాడు మోటారుసైకిలుపై ఊరికే తిరుగు పందొమ్మిదేండ్ల కుఱ్ఱవానికి అవి చోటు చూపవు. 1953 లో పొమోనా పోలీసులును, చోళవరమును పందెపుబాటగా మలచిన మదరాసు క్లబ్బువారును చేసినది అంతకన్న చిన్నపని, అంతకన్న ఉపయోగపడు పని. వాడుకలో లేని బాటను చూచి, గడియారము పెట్టి, నియమము వ్రాసి, రమ్మని పిలిచిరి.

చోళవరమున పందెములాడినవారిలోను, బండ్లు బిగించినవారిలోను, గడ్డిపై నిలిచి చూచినవారిలోను పలువురు నేడు వృద్ధులు, పెక్కండ్రు గతించిరి. వారి పెట్టెలలో నున్న ఛాయాచిత్రములు, పందెపు కార్యక్రమపత్రములు, వార్తాపత్రికల తునుకలు కాలగర్భమున కలియకమునుపే గ్రంథాలయములకు చేరుట మేలు. ముఖ్యముగా మెకానిక్కుల జ్ఞాపకములు వ్రాతలోనికి రావలెను. విజేతల పేర్లు పట్టికలలో నిలుచును గాని వారి పేర్లకు వేఱొక చోటు లేదు. నెల్లూరుబాటపై పట్టణము చేరు తెలుగువారు చోళవరము దాటునపుడు చెరువును చూచుట వాడుక. ఆ చెరువునకు చేరువనే ఒక తరపు వేగము హద్దు నేర్చుకొనెనని జ్ఞప్తి యుంచుకొనుట వారి పిల్లలకును ఉపకరించును.